పన్నెండు గంటల నీళ్ళు

ఆయనకు కన్నవాళ్ళు పెట్టిన పేరు ఒకటుంది గానీ, అది జీతం రిజిస్టరులో తప్ప ఇంకెక్కడా పనికి రాలేదు. నలుగురికీ ఆయన నీళ్ళబాబాయ్. ఆయన్ని కట్టుకున్న పాపానికి భార్య నీళ్ళపిన్ని అయింది. ఇరవై రెండేళ్ళుగా పొద్దున్న ఆరింటికల్లా భుజాన నిలువెత్తు ఇనుప కమ్మీతో వీధిలో కనిపిస్తాడు. రోడ్డు మధ్య ఇనుప మూత ఎత్తి, గుంటలోకి కమ్మీ దింపి, అడుగున ఉన్న వాల్వు తలకి అది పట్టేదాకా తడిమి, రెండు చేతులా తిప్పుతాడు. పెద్ద వీధి వాల్వుకి పదమూడు చుట్లు. మధ్య వీధి వాల్వుకి తొమ్మిది. చివరనున్న చర్చి సందుకి అసలు వాల్వే లేదు. పై రెండు వీధులూ తాగగా మిగిలినవే ఆ సందుకి.

పని చిన్నదే. కానీ చిన్న పని చేసేవాడికి పెద్ద గర్వం ఉండకూడదని రూలేం లేదు. కమ్మీ పై కొసకి చెవి ఆనించి, గొట్టంలో ఉన్నది నీళ్ళో గాలో ఇట్టే చెప్పేసేవాడు. ఏ ఇంటికి చుట్టాలొచ్చారో, ఏ ఇంట్లో అత్తాకోడళ్ళకి మాటల్లేవో కుళాయి దగ్గర వరసను చూసి చెప్పేవాడు. నిజానికి అందులో సగం తప్పులే. కానీ నీళ్ళు వదిలేవాడితో పేచీ ఎవరికి కావాలి? అందరూ తలూపేవారు. అలా తలలూపి తలలూపి, తనకు మనుషులంతా తెలుసని ఆయన నమ్మేటట్టు చేశారు.

గురువారం సాయంత్రాలు చర్చిలో బైబిలు క్లాసు. అక్కడ చూడాలి వీళ్ళ తమాషా. చదివేది అందరూ ఒకటే పుస్తకం, ఎవరి గిన్నెతో వాళ్ళు తోడుకుపోయేవారు. కిరాణా కొట్టాయనకి ఏ పేజీ తిప్పినా తూకమూ త్రాసూ కనబడేవి. రిటైరైన హెడ్మాస్టారు ఐదుగురి దీపాలే వెలిగిన పదిమంది కన్యకల కథ విని, సగం మందే పాసయ్యారని నిట్టూర్చాడు. పేతురు అత్తగారికి జ్వరం వదిలిందని, వెంటనే లేచి అందరికీ వడ్డించిందని పాస్టరు అయ్యగారు చదివితే, నర్సమ్మ ఊరుకోలేదు. జ్వరం తగ్గిన పూటే మనిషిని వంటింట్లోకి తోలారా అని అడిగింది. నీళ్ళబాబాయ్ మటుకు నీళ్ళు వచ్చేదాకా కునికి, పెళ్ళింట్లో ఆరు బానల సంగతి రాగానే లేచి, ఒక్కో బాన ఎన్ని బకెట్లుంటుందో లెక్క చెప్పేవాడు. ఎవరి పిచ్చి వారికి ఆనందం. ఇంతవరకూ ఎవరికీ నష్టం లేదు.

నష్టం జరిగింది సమరయ స్త్రీ దగ్గర. బైబిల్లో ప్రభువు కూర్చున్న బావి దగ్గరికి మిట్టమధ్యాహ్నం పన్నెండింటికి నీళ్ళకి వచ్చిన ఆవిడ. ఐదుగురు భర్తలు అయిపోయి, ఇప్పుడున్నవాడు భర్త కాని ఆవిడ. అయ్యగారు ఆ అధ్యాయాన్ని ప్రతి ఏడూ ఒకే రకంగా చెప్పేవారు. మర్యాదస్తులైన ఆడవాళ్ళు పొద్దున్నో సాయంత్రమో చల్లబడ్డాక నీళ్ళకి వస్తారట. ఈవిడ మాత్రం సిగ్గుతో, నలుగురి కంటా పడకుండా, ఎండవేళ ఒంటరిగా వచ్చిందట. అయ్యగారు చెడ్డవారు కాదు. అదే వచ్చిన చిక్కు. చెడ్డవాడు చెబితే జనం సగమే నమ్ముతారు.

ఆ గురువారం నీళ్ళబాబాయ్‌కి హుషారు ఎక్కువైంది. తన వృత్తికి సంబంధించిన ముక్క వచ్చిందన్న సంబరంలో లేచి నిలబడి, అయ్యగారు చెప్పింది అక్షరాలా నిజమన్నాడు. మన వీధి కుళాయిల దగ్గర కూడా పొద్దున్న జాతరలా ఉంటుందని, మధ్యాహ్నం పన్నెండింటికైతే చర్చి సందు కుళాయి దగ్గర ఒక్క టైలరమ్మ తప్ప పిట్ట కూడా ఉండదని చెప్పాడు. చెప్పి నవ్వాడు. ఇద్దరు ముగ్గురు నవ్వారు. మిగిలినవాళ్ళు నవ్వలేదు, ఆలోచనలో పడ్డారు. నవ్వినా బాగుండేది.

టైలరమ్మ చర్చి వెనక గదిలో ఉంటుంది. ఆదివారం పిల్లలకి బైబిలు క్లాసు చెబుతుంది, అందుకు బదులుగా ఆ గది ఇచ్చారు. ఒక కుట్టుమిషను, ఒక మంచం, గోడకి పిల్లలు గీసిన ఓడల బొమ్మలు. మొదటి భర్త చనిపోయాడు. రెండోవాడు వేరే ఊళ్ళో పని చూసుకుని వస్తానని వెళ్ళి, అటునుంచి అటే పోయాడు. ఈ సంగతులు మూడేళ్ళుగా అందరికీ తెలుసు, పాపం అనేవారు. ఆ గురువారం తర్వాత ఆ పాపం అన్న మాటకే అర్థం మారిపోయింది. మూడు వారాలు తిరిగేసరికి, ఆమె పన్నెండింటికే ఎందుకొస్తుంది అన్న ప్రశ్న, ఆమె ఏం దాస్తోంది అన్న ప్రశ్నయి కూర్చుంది. పిల్లల్ని పంపడం కొందరు మానేశారు. కమిటీకి ఒక ఉత్తరం వచ్చింది. ఆమె చేత క్లాసు మాన్పించాలని, నెలాఖరుకి గది ఖాళీ చేయించాలని. కింద ఎనిమిది సంతకాలు, మొట్టమొదటిది హెడ్మాస్టారిది. ఆదివారం ఆరాధన అయ్యాక కమిటీ కూర్చుంటుంది. కమిటీ అంటే ఐదుగురే: అయ్యగారు, హెడ్మాస్టారు, కొట్టాయన, నర్సమ్మ, మన నీళ్ళబాబాయ్.

శనివారం పదకొండున్నరకి ఆయన ఎప్పట్లాగే పెద్ద వీధి గుంట దగ్గర కమ్మీ దింపి వాల్వు కట్టేస్తున్నాడు. ఒకటి, రెండు, మూడు. మనసు రేపటి మీద ఉంది. ఆ ఉత్తరంలో ఏ ముక్కయినా తన నోట్లోంచి వచ్చిందేనని ఆయనకి తెలుస్తూనే ఉంది, కానీ ఉన్నమాటే అన్నాను కదా అని సర్దిచెప్పుకుంటున్నాడు. పదమూడో చుట్టు బిగిశాక, అలవాటు కొద్దీ కమ్మీకి చెవి ఆనించాడు. గొట్టంలో నీళ్ళు మలుపు తిరిగి కిందికి పోతున్న చప్పుడు. మూత వేసి, కమ్మీ భుజానేసుకుని చర్చి సందు వైపు నడిచాడు. ఆయన అక్కడికి చేరేసరికి సందు చివర కుళాయి రెండుసార్లు దగ్గి, గాలి కక్కి, సన్నగా నీళ్ళు పోయడం మొదలుపెట్టింది. ఆ దగ్గు వినగానే లోపల కుట్టుమిషను ఆగింది. తలుపు తెరుచుకుంది. టైలరమ్మ రెండు డబ్బాలతో బయటికొచ్చింది.

నీళ్ళబాబాయ్ నడిరోడ్డున నిలబడిపోయాడు. ఎనిమిదేళ్ళుగా రోజూ చేస్తున్న పని అది. ఒక్కరోజు కూడా ఆ రెండు ముక్కలూ కలిపి చూసుకోలేదు.

ఆఫీసు కాగితం ప్రకారం పెద్ద వీధి వాల్వు కట్టాల్సింది ఆరూ ముప్పావుకి. కానీ ఎనిమిదేళ్ళ కిందట హెడ్మాస్టారు పై అంతస్తు వేసి, ఇంటి కింద పెద్ద తొట్టి కట్టించాడు. కాస్త ఆలస్యంగా కట్టవోయ్ అన్నాడు ఒకరోజు నవ్వుతూ. తనకి ఈ ఉద్యోగం ఇమ్మని నీళ్ళ ఆఫీసు పెద్దసారుకి సిఫారసు చేసింది ఆ హెడ్మాస్టారే. కాస్త కాస్త అంటూ అది పదకొండున్నర అయింది. అంతసేపూ మధ్య వీధికి సన్నధార, చివరి సందుకి ఉత్త గాలి. ఆ సందులో ఉన్నవి ఒక గోడౌను, మూతబడిన ప్రెస్సు, చర్చి. కాపురం ఉండే మనిషి టైలరమ్మ ఒక్కతే. అడిగేవాళ్ళు లేరు. మధ్య వీధికి పోతే, మీ కుళాయి మీకుంది కదా అంటారు. ఆమె పన్నెండింటికి రాక ఇంకెప్పుడొస్తుంది?

ఇంటికొచ్చి అన్నం ముందు కూర్చున్నాడు. కంచం పక్కకి జరిపి బైబిలు తీశాడు. ఆ అధ్యాయం మొదట్నించి చివరిదాకా, వేలు పెట్టి, పిల్లాడు చదివినట్టు చదివాడు. పన్నెండు గంటలు అని ఉంది, అవును. కానీ ఆ మాట ఉన్నది నడిచి నడిచి అలసిపోయి కూర్చున్న ప్రభువు దగ్గర. ఆవిడ సిగ్గుపడిందని లేదు. దాక్కుని వచ్చిందని లేదు. ఊళ్ళో వాళ్ళు ఆవిడని వెలివేశారని లేదు. పైగా ఆవిడ ఊళ్ళోకి పోయి రండి అంటే ఊరంతా వచ్చింది. ముప్పై ఏళ్ళుగా చదువుతున్న పేజీ అది. అందులో లేని సిగ్గు ముప్పై ఏళ్ళూ ఆయనకి కనబడుతూనే ఉంది.

భార్యను పిలిచి వినిపించాడు. నీళ్ళపిన్ని కూర తరుగుతూ విని, మరి ఐదుగురు మొగుళ్ళ మాటేంటని తనే అడిగి తనే జవాబు చెప్పింది. చచ్చారో, వదిలేశారో అందులో రాయలేదు కదా, వదిలేసినవాడు మగాడైనా లెక్క మాత్రం ఆడదాని పేరు మీదే రాస్తారంది. అప్పుడు ఆయన వాల్వు సంగతి కూడా చెప్పాడు. కత్తి ఆగింది. ఇంకో రెండేళ్ళలో పింఛను. కాగితం మీద లేని టైముకి నీళ్ళు వదిలానని పదిమందిలో ఒప్పుకుంటే ఆ రెండేళ్ళూ ఉంటాయో ఊడతాయో.

"చెబితే ఉద్యోగం పోతుంది, చెప్పకపోతే నిద్ర పోతుంది," అంది ఆవిడ. "ఏది పోగొట్టుకుంటారో మీరే చూసుకోండి. నన్నడక్కండి."

మళ్ళీ కూర తరగడంలో పడింది గానీ, ముక్కలు ఒకటి ఇంత, ఒకటి అంత పడ్డాయి.

ఆదివారం ఆరాధనలో ఏం పాడారో ఏం చెప్పారో నీళ్ళబాబాయ్ చెవికెక్కలేదు. తర్వాత ఐదుగురూ చర్చి పక్క గదిలో బల్ల చుట్టూ కూర్చున్నారు. గోడలకి ఆనించి మడత కుర్చీలు, మూల ఒక విరిగిన మైకు. ఆ గోడకి అవతలే టైలరమ్మ గది. మిషను చప్పుడు సన్నగా వినిపిస్తూనే ఉంది. ఆదివారం కూడా కుడుతోందని కొట్టాయన గొణిగాడు. అదే గోడకి ఇవతల కూర్చుని ఆమె గది లాక్కోబోతున్నామని మాత్రం ఎవరూ గొణగలేదు.

హెడ్మాస్టారు ఉత్తరం చదివాడు. జీవితమంతా హాజరు పిలిచిన గొంతు, ఒక్క అక్షరం తడబడలేదు. పిల్లల ఎదుట నిలబడే మనిషి జీవితం తెరిచిన పుస్తకంలా ఉండాలన్నాడు. నర్సమ్మ, ఇంతకీ ఆమె చేసిన తప్పేంటో ఒక్క ముక్కలో చెప్పమంది. నిప్పు లేనిదే పొగ రాదన్నాడు కొట్టాయన. పొగ ఎక్కడుందని నర్సమ్మ అడిగితే, ఆయన నీళ్ళబాబాయ్ వైపు చూశాడు. సాక్షి ఇక్కడే ఉన్నాడు కదా అన్నట్టు. నీళ్ళబాబాయ్ బల్ల మీద గీతలు లెక్కపెడుతున్నాడు. చెప్పాలి. ఇప్పుడు కాదు, ఇంకో మాట అయ్యాక. ఆ ఇంకో మాట అయింది. ఇంకోటి అయింది. గీతలు మళ్ళీ మొదట్నించి లెక్కపెట్టాడు.

చివరికి అయ్యగారు, ఆమెనే పిలిచి అడుగుదాం, అది న్యాయం అన్నారు. కబురు వెళ్ళింది. గోడ అవతల మిషను ఆగింది. ఆ ఆగడం అందరికీ వినబడింది.

టైలరమ్మ వచ్చి తలుపు దగ్గర నిలబడింది. కుర్చీ చూపిస్తే కూర్చోలేదు. వేళ్ళకి దారం పోగులు అంటుకుని ఉన్నాయి. నలుగురూ వచ్చే వేళ కాకుండా పన్నెండింటికే నీళ్ళకి ఎందుకొస్తున్నావని హెడ్మాస్టారు అడిగాడు. ఆమెకి ప్రశ్న అర్థమైనట్టు లేదు.

"అప్పుడే వస్తాయండి నీళ్ళు," అంది.

హెడ్మాస్టారు కళ్ళజోడు మీదుగా చూశాడు. అబద్ధం దొరికిన పరీక్ష పేపరును ఆయన అలాగే చూసేవాడు. తన వీధిలో ఆరింటికే ధార కడుతుందని, అది అందరికీ తెలిసిన సంగతేనని అన్నాడు. అని, నీళ్ళబాబాయ్ వైపు తిరిగాడు.

"నువ్వు చెప్పవోయ్. ఎన్నింటికి వదులుతావు నీళ్ళు?"

"ఆరింటికండి."

"విన్నారుగా," అని హెడ్మాస్టారు కలం తీసి కాగితం మీద రాసుకున్నాడు.

చూశారా, అందులో అబద్ధం లేదు. ఆరింటికే వదులుతాడు. అక్కడితో ఆపేస్తే ఉద్యోగమూ ఉంటుంది, పింఛనూ ఉంటుంది, నిజం చెప్పానన్న పేరూ ఉంటుంది. టైలరమ్మ ఆయన వైపు చూసింది. కోపంగా కాదు. తనకు తెలియని లెక్క ఏదో ఈయనకి తెలుసేమో, చెబుతాడేమో అని చూసింది. నీళ్ళబాబాయ్ కుర్చీ వెనక్కి జరిపాడు. ఇరవై రెండేళ్ళు ఇనుము తిప్పిన చేతులు బల్ల మీద ఆనించి లేచాడు.

"వదిలేది ఆరింటికే," అన్నాడు. "ఈ సందుకి చేరేది పన్నెండింటికి. పెద్ద వీధి వాల్వు ఆరూ ముప్పావుకి కట్టాలి. నేను పదకొండున్నర దాకా కట్టడం లేదు. మీ తొట్టి నిండాలని కట్టడం లేదు హెడ్మాస్టారూ. ఆ అమ్మాయి పన్నెండింటికి రావడం లేదు. నేనే రప్పిస్తున్నాను."

హెడ్మాస్టారి ముఖం కందగడ్డ అయింది.

"నీకు ఈ ఉద్యోగం ఎవరిప్పించారో గుర్తుందా?"

"గుర్తుంది కాబట్టే ఎనిమిదేళ్ళు కట్టలేదండి."

నర్సమ్మ చేతిసంచీ ఒళ్ళోకి లాక్కుని, ఇక మాట్లాడటానికి ఏమీ మిగల్లేదంది. కొట్టాయన పైకి చూస్తూ ఫ్యాను రెక్కలు లెక్కపెట్టాడు. అయ్యగారు మాత్రం ఎవరి వంకా చూడకుండా బైబిలు తెరిచి, ఆ అధ్యాయం తీసి, పెదవులు కదుపుతూ చదవడం మొదలుపెట్టారు. ఒక పేజీ తిప్పారు. మళ్ళీ వెనక్కి తిప్పారు. కళ్ళజోడు తుడుచుకుని మళ్ళీ చూశారు. చాలాసేపటికి, లేదు అన్నారు. ఏది లేదని కొట్టాయన అడిగాడు.

"సిగ్గు. ఆవిడ సిగ్గుపడి వచ్చిందని ఇందులో లేదు. మా గురువుగారు చెబితే నేను చెబుతూ వచ్చాను. ఆయనకి ఎవరు చెప్పారో."

ఇక ఆ మాట మీద పడ్డారు అందరూ. ఆ ముక్క ఇక్కడ లేకపోతే ఇంకెక్కడైనా ఉందేమోనని కొట్టాయన, లేదని నర్సమ్మ. హెడ్మాస్టారు ఉత్తరం నాలుగు మడతలు పెట్టి జేబులో వేసుకున్నాడు. కమిటీకి ఉత్తరమేదీ అందనట్టే అయింది. గండం గడిచిందనుకుని నీళ్ళబాబాయ్ ఊపిరి పీల్చుకున్నాడు. ఆ గదిలో తలుపు దగ్గర ఒక మనిషి ఇంకా నిలబడే ఉందన్న సంగతి ఎవరికీ గుర్తు లేదు. వాళ్ళకి అధ్యాయం దొరికింది, దాంతో మనిషి పని అయిపోయింది.

"నేను వెళ్ళనా అండీ?" అంది టైలరమ్మ. "మిషను మీద బట్ట అలాగే ఉంది."

వెళ్ళమ్మా, ఏమీ లేదు అన్నారు అయ్యగారు.

సోమవారం నుంచి నీళ్ళబాబాయ్ పెద్ద వీధి వాల్వు సరిగ్గా ఆరూ ముప్పావుకి కట్టేశాడు. హెడ్మాస్టారు తేలు కుట్టిన దొంగలా కిక్కురుమనలేదు. ఫిర్యాదు చేద్దామంటే తన తొట్టి సంగతే ముందు రాయాలి. ఉద్యోగం ఊడలేదు. ఏడుంబావుకల్లా చర్చి సందు కుళాయి దగ్గడం మానేసి ధారగా పోసింది, మధ్యాహ్నం దాటినా ఆగలేదు. అక్కడ నీళ్ళు జోరుగా వస్తున్నాయని తెలిసి మధ్య వీధి ఆడవాళ్ళు కూడా డబ్బాలతో దిగారు. వరసలు, వాదులాటలు, నవ్వులు. నీళ్ళబాబాయ్ రోజూ అక్కడికొచ్చి, కమ్మీ గోడకి ఆనించి, తన చేత్తో పండించిన చేను చూసినట్టు ఆ వరసను చూసేవాడు. టైలరమ్మ కోసం చూసేవాడు. ఆమె మొదటిరోజు రాలేదు. రెండోరోజు రాలేదు. పని ఎక్కువుందేమో అనుకున్నాడు. ఆ ఆదివారం ఆమె క్లాసుకి ఇరవై ముగ్గురు పిల్లల్లో తొమ్మిదిమంది వచ్చారని నర్సమ్మ చెప్పింది. సర్దుకుంటుందిలే అనుకున్నాడు.

పదోరోజున వేరే పని మీద పన్నెండింటికి ఆ సందులోంచి పోతున్నాడు. ఎండ నెత్తిన ఉంది. కుళాయి దగ్గర పిట్ట లేదు. టైలరమ్మ ఒక్కతే, రెండు డబ్బాలతో.

ఆయన దగ్గరికి వెళ్ళాడు. మూడేళ్ళలో ఆమెను గురించి ఎన్నో చెప్పాడు గానీ ఆమెను ఒక్క మాట అడిగింది లేదు.

"ఇప్పుడొచ్చావేంటమ్మా? పొద్దున్నే వస్తున్నాయి కదా. తెలియలేదా నీకు?"

"తెలుసు బాబాయ్. మిషను దగ్గరికి చప్పుడు వినబడుతుంది."

"మరి?"

ఆమె నిండిన డబ్బా పక్కకి జరిపి, రెండోది ధార కింద పెట్టింది.

"మూడేళ్ళు నీళ్ళ కోసమే ఈ టైముకి వచ్చాను బాబాయ్. అందులో సిగ్గుపడేదేముందో నాకు తెలీదు. ఇప్పుడు పొద్దున్న ఆ వరసలో నేను నిలబడితే అందరి మాటలూ ఆగిపోతున్నాయి. ఒక్కపూట మీరు రాకముందు నిలబడి చూశాను. అందుకని."

డబ్బా నిండింది. ఆమె కుళాయి కట్టేసింది. నీళ్ళబాబాయ్‌కి క్షమించమని అడగాలని ఉంది. కమ్మీ గోడకి ఆనించి, వంగి ఒక డబ్బా ఎత్తబోయాడు, కనీసం గది దాకా మోద్దామని.

టైలరమ్మ ఆయన చేతిలోంచి డబ్బా మెల్లగా తీసుకుంది. సందు ఆ చివరా ఈ చివరా చూసింది.

"వద్దు బాబాయ్," అంది. "ఎవరైనా చూస్తారు."